అతిత్లాన్ సరస్సు చేనేత ఊళ్లకి బగ్గీలో వెళ్లాలా, పడవలోనా?

థాంక్స్‌గివింగ్ సెలవులు దగ్గరపడ్డాయంటే నాకు ఒకే రకం ఫోన్లు వస్తాయి. “గ్వాటెమాలా వెళ్తున్నాం అన్నా. అతిత్లాన్ సరస్సు దగ్గర బగ్గీ టూర్ ఉందట, చేనేత ఊళ్లన్నీ తిప్పి చూపిస్తారట. అమ్మా నాన్నా కూడా వస్తున్నారు. బుక్ చెయ్యమంటావా?” మేం అక్కడికి రెండుసార్లు వెళ్లాం. మొదటిసారి బగ్గీలో, అంటే గుర్రపు బండి కాదు, మట్టి దారుల్లో నడిపే నాలుగు చక్రాల మోటారు బండిలో తిరిగాం, రెండోసారి పడవలో. మా అమ్మ పుట్టిల్లు పుట్టపాక. తేలియా రుమాళ్లు నేసే ఇంట్లో పుట్టింది కాబట్టి మగ్గం కనిపిస్తే ఆవిడ అక్కణ్ణుంచి కదలదు. రెండు ప్రయాణాల్లోనూ మాతోనే ఉంది. ఈ సలహాలో సగం ఆవిడదే.

నా మాట ముందే చెప్పేస్తాను. మీరు వెళ్లేది నేత చూడ్డానికైతే పడవ ఎక్కండి. మట్టి దారిలో బండి తోలాలన్న సరదా ఉంటే బగ్గీ తీసుకోండి, అదీ తూర్పు ఒడ్డుకి, పొద్దున పూట, ఒక్క పూటకి. రెండు సరదాలూ ఒకే టికెట్‌లో తీరతాయని ఎవరైనా చెబితే నమ్మకండి. మా మొదటి ప్రయాణంలో బండి సరదా తీరింది, మగ్గం దగ్గర మాత్రం ఇరవై నిమిషాలు కూడా నిలబడలేదు. అమ్మ ఆ సంగతి ఇప్పటికీ ఎత్తి చూపుతుంది.

ముందు ఆ సరస్సు సంగతి

అతిత్లాన్ ఎలా ఉంటుందో తెలిస్తే సగం నిర్ణయం అక్కడే అయిపోతుంది. వేల ఏళ్ల కింద ఒక మహా అగ్నిపర్వతం పేలి, నేల కుంగిపోయి, ఆ గుంటలో నీళ్లు నిండాయి. సముద్ర మట్టానికి సుమారు 1,560 మీటర్ల ఎత్తులో ఉంటుంది, లోతు 300 మీటర్లు దాటుతుంది. దక్షిణాన సాన్ పెద్రో, తోలిమాన్, అతిత్లాన్ అనే మూడు అగ్నిపర్వతాలు. వాటిలో పెద్దది అతిత్లాన్, 3,535 మీటర్లు. మిగతా వైపులంతా గోడల్లా నిలువు కొండలు. వాటి అంచుల్లో ఎక్కడ కాస్త చదును దొరికితే అక్కడ ఊళ్లు. ఊళ్ల పేర్లలో చాలావాటికి ముందు సాన్, సాంతా ఉంటాయి. స్పానిష్ పాదరీలు పెట్టిన సెయింట్ల పేర్లు అవి. మన దగ్గర ప్రతి మండలంలోనూ ఒక రామాపురం ఉన్నట్టే, మొదటి రోజంతా ఏ సాన్ ఎక్కడుందో తికమకే.

అసలు విషయం ఏమిటంటే సరస్సు చుట్టూ తిరిగే రోడ్డు లేదు. ఉత్తర ఒడ్డున హైబలీతో అనే ఊరికి బండి దారే లేదు, పడవలోనో కాలిబాటనో వెళ్లాలి. పడమటి నుంచి వచ్చే రోడ్డు త్సునునా దగ్గర ఆగిపోతుంది. టూరిస్టులు ఎక్కువగా దిగే ఊరు పానాహాచెల్, అందరూ పానా అంటారు. అక్కణ్ణుంచి ఎదురు ఒడ్డున కనిపించే సాన్ పెద్రోకి పడవలో అరగంట, నలభై నిమిషాలు. అదే బండిలోనైతే పైకి సోలొలా ఎక్కి, హైవే పట్టి, సాంతా క్లారా దగ్గర పాములా మెలికలు తిరిగే ఘాట్ రోడ్డు దిగి రావాలి. గంటలు పట్టే పని. కాబట్టి ‘సరస్సు చుట్టూ ఆఫ్-రోడ్ టూర్’ అని బోర్డు కనిపిస్తే, అది చుట్టూ ఎలా తిరుగుతుందో అడగండి. తిరగదు.

పానా నుంచి బగ్గీలో హాయిగా వెళ్లి రాగలిగేది తూర్పు ఒడ్డు. ఐదు కిలోమీటర్ల లోపు సాంతా కాతరీనా పాలొపో, ఇంకో ఐదు దాటితే సాన్ ఆంతోనియో పాలొపో. ఇక్కడ చాలామందికి తెలియని సంగతి ఒకటుంది. ఈ రోడ్డు మట్టిది కాదు, పక్కా రోడ్డు. మట్టి, రాళ్లు, గతుకులు కావాలంటే సాన్ ఆంతోనియో పైన మెట్ల పొలాల వైపు, ఆ పై కొండ మీద గొదీనెస్ చుట్టుపక్కల పొలం బాటలు పట్టాలి. కొన్ని టూర్లు అటు ఎక్కుతాయి, కొన్ని రెండు ఊళ్లు చూపించి అదే తారు రోడ్డు మీద వెనక్కి తెస్తాయి. ఆఫ్-రోడ్ పేరు పెట్టి తారు రోడ్డు మీద తిప్పితే డబ్బు దండగ. మ్యాప్ తెరిచి, ఎంత దూరం మట్టి దారో వేలు పెట్టి చూపించమనండి.

క్వాడా, బగ్గీనా?

టూర్ల వాళ్లు రెండిటినీ ఒకే గాటన కట్టి అమ్ముతారు. రెండూ వేరు. క్వాడ్ అంటే నాలుగు చక్రాల మోటార్‌సైకిల్. హ్యాండిల్ ఉంటుంది, బొటనవేలితో యాక్సిలరేటర్ నొక్కాలి, మలుపులో ఒంటిని లోపలికి వంచాలి. బైక్ అలవాటున్నవాళ్లు కూడా మొదటి పావుగంట తడబడతారు, ఎందుకంటే క్వాడ్ బైక్‌లా వంగదు, మనమే వంగాలి. పైగా వీటి గాలి తక్కువ టైర్లు మట్టి కోసం చేసినవి. తారు రోడ్డు మీద మలుపులో పట్టుకుని లాగేస్తాయి. తయారుచేసే కంపెనీలే పక్కా రోడ్ల మీద నడపవద్దని హెచ్చరిస్తాయి. తూర్పు ఒడ్డు దారి గురించి ఇంతకు ముందు చెప్పింది ఇప్పుడు గుర్తు తెచ్చుకోండి.

బగ్గీ అంటే పక్కపక్కన సీట్లు, స్టీరింగు, బెల్టు, చుట్టూ ఇనుప కడ్డీల పంజరం ఉన్న బండి. కుటుంబంతో వెళ్లేవాళ్లకి నేను చెప్పేది ఇదే. క్వాడ్‌లు చాలావరకు ఒక్కరి కోసం చేసినవి. వెనక ఇంకొకరిని ఎక్కించుకుంటామంటే, ఆ మోడల్‌కి రెండో సీటు నిజంగా ఉందో లేదో చూడండి. చిన్నపిల్లల్ని క్వాడ్ వెనక కూర్చోబెట్టడం నాకు అస్సలు నచ్చదు. మా వాడికి అప్పుడు తొమ్మిదేళ్లు. ఎంత ఏడ్చినా ఎక్కించలేదు.

ఇంకో మాట ఆడవాళ్లకి. చున్నీ, చీర కొంగు, వదులు పైజామా వద్దు. తిరిగే చక్రం పక్కన వేలాడే గుడ్డ ఎంత ప్రమాదమో మన ఊళ్లలో బైకుల మీద చూస్తూనే ఉన్నాం. అమ్మ ఆ రోజు మా ఆవిడ ట్రాక్ ప్యాంటు వేసుకుంది, పైన తన కాటన్ చీర ముక్కని మెడకి మఫ్లర్‌లా చుట్టుకుని లోపలికి దోపింది. దుమ్ముకి ముక్కు మీదకి లాక్కోవడానికి కూడా అదే పనికొచ్చింది. ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ దాకా ఆ దుమ్ము మామూలుగా ఉండదు, మీ ముందు ఇంకో బండి ఉంటే కళ్లద్దాలు కూడా చాలవు.

డబ్బు విషయంలో బండి అద్దె ఎంత అన్నది చిన్న ప్రశ్న. గీతలు పడితే ఎవరు కడతారు, కార్డు మీద ఎంత బ్లాక్ చేస్తారు అన్నది అసలు ప్రశ్న. బయల్దేరే ముందు బండి నాలుగు వైపులా ఫోన్‌లో వీడియో తీసి పెట్టుకోండి. ట్రావెల్ ఇన్సూరెన్స్ ఉందిలే అనుకోకండి. చాలా పాలసీల్లో క్వాడ్, బగ్గీ నడుపుతూ అయిన గాయాలు లెక్కలోకి రావు, లేదంటే అదనంగా కట్టాలి. పాలసీ పేపర్‌లో ఆ ఒక్క లైను వెతకండి.

మా మొదటి టూర్ ఎందుకు చెడిందో ఇప్పుడు చెబుతాను. నాలుగు గంటల్లో నాలుగు ఊళ్లు అన్నారు. పేరెందుకులెండి, అలాంటివి అక్కడ చాలానే ఉన్నాయి. లెక్క వేస్తే ఊరికి గంట వస్తుందనుకున్నాం. హెల్మెట్లు చూసుకోవడం, సంతకాలు, గైడ్ చెప్పే జాగ్రత్తలు కలిసి మొదటి ముప్పావు గంట గడిచిపోయింది. దారిలో ప్రతి ఊళ్లోనూ స్పీడ్ బ్రేకర్లే. అక్కడ వాటిని తూములో అంటారు. మన దగ్గర కాలనీవాళ్లు రాత్రికి రాత్రి కట్టేసినవి గుర్తొచ్చాయి. సాంతా కాతరీనాలో రెండు ఫొటోలు తీసుకున్నాం. అసలైన ‘నేత ప్రదర్శన’ అన్నది గైడ్‌కి తెలిసిన ఒక దుకాణం. వాకిట్లో ఒకావిడ మగ్గం పెట్టుకుని కూర్చుంది, మేం రాగానే నాలుగు పోగులు వేసి ఆపేసింది. లోపల టేబుల్ క్లాత్‌లు. అమ్మ ఒకదాన్ని తిరగేసి వెనకవైపు చూసి, తెలుగులో నాతో మెల్లగా, “ఇది మిల్లుదిరా” అంది. గైడ్ గడియారం చూసుకుంటున్నాడు.

తప్పంతా అతనిదని అనను. బండ్లు గంటల లెక్కన అద్దెకిచ్చేవాళ్లకి అవి వేళకి తిరిగి రావాలి, తర్వాతి గుంపు అప్పటికే ఎదురుచూస్తూ ఉంటుంది. ఎవరింట్లోనైనా కూర్చుని తీరిగ్గా మాట్లాడే వీలు ఆ వ్యాపారంలో లేదు.

తూర్పు ఒడ్డు మాత్రం చూడదగ్గదే. సాంతా కాతరీనాలో 2017 ప్రాంతం నుంచి ఊరి ఇళ్లకి రంగులు వేస్తున్నారు. వాళ్ల ఆడవాళ్లు వేసుకునే వీపీల్ మీద, అంటే మన రవిక స్థానంలో ఉండే పై వస్త్రం మీద, ఏ బొమ్మలుంటాయో అవే గోడల మీద కనిపిస్తాయి. నీలం, ఊదా, పచ్చ కలిసి ఊరంతా ఆరేసిన బట్టలా ఉంటుంది. ఆ వీపీల్ ఒకప్పుడు ఎరుపు, ఈ నీలం తర్వాత తరాల్లో వచ్చిన మార్పే. సాన్ ఆంతోనియోలో మగవాళ్లు, ముఖ్యంగా పెద్దవాళ్లు, నడుముకి రోదియెరా అనే గళ్ల ఉన్ని గుడ్డ చుట్టుకుంటారు. అక్కడ నీలం రంగు పింగాణీ సామాను చేసే చోట్లు కూడా ఉన్నాయి. సారె మీద మట్టి తిరగడం, ముగ్గులు దిద్దినంత సన్నగా కుంచెతో గీతలు పెట్టడం దగ్గర నుంచి చూడనిస్తారు. బగ్గీలో వెళ్తే నాలుగు ఊళ్లు వద్దు, ఈ రెండే చాలని గట్టిగా చెప్పండి. సాన్ ఆంతోనియోలో బండి పక్కన పెట్టి గంటసేపు నడుస్తామని ముందే ఒప్పించుకోండి. ఇరుకు సందుల్లోకి ఇంజను మోతతో దూరడం మనకీ బాగుండదు, గుమ్మాల్లో కూర్చున్నవాళ్లకీ బాగుండదు.

పడవ, ఆపైన బజాజ్ ఆటో

పడవ అంటే లాంచా. ఫైబర్ పడవకి మోటారు. తెల్లారి నుంచి సాయంత్రం ఐదు దాకా ఊరికీ ఊరికీ మధ్య తిరుగుతూనే ఉంటాయి, టైం టేబుల్ ఏమీ ఉండదు, నిండితే కదులుతాయి. మన షేర్ ఆటోల్లాగే. పానా నుంచి సాన్ పెద్రో వైపు వెళ్లేవి ఒక రేవు, సాంతియాగో వెళ్లేవి ఇంకో రేవు. బయటివాళ్ల దగ్గర మనిషికి 25 నుంచి 35 క్వెట్జల్స్ తీసుకుంటారు, ఊరివాళ్లకి తక్కువ. డాలర్‌కి ఏడున్నర పైచిలుకు క్వెట్జల్స్ వస్తాయి కాబట్టి లెక్క వేసుకోండి. రేవులో చెయ్యి పట్టి లాగేవాళ్లకి డబ్బు ఇవ్వకండి, దిగేటప్పుడు పడవ నడిపే అతనికే ఇవ్వాలి. చిల్లర దగ్గర ఉంచుకోండి.

పెద్దవాళ్లతో ఉన్నవాళ్లు ప్రైవేట్ లాంచా రోజంతా మాట్లాడుకోవడం మంచిది. ఆరుగురు పంచుకుంటే బగ్గీల కంటే భారం కాదు. ఎక్కడ ఎంతసేపైనా ఆగొచ్చు, అదే దాని అసలు విలువ. ఇబ్బందీ ఉంది. ఈ సరస్సు నుంచి బయటికి పారే నది లేదు. నీటి మట్టం ఏళ్ల తరబడి పైకీ కిందకీ మారుతూ ఉంటుంది, కొన్ని రేవులు పాత మెట్లు మునిగి, పలకలు కొట్టి ఎప్పటికప్పుడు కట్టుకున్నవి. మోకాళ్ల నొప్పులున్నవాళ్లు పడవలోంచి పలక మీదకి అడుగు వేసేటప్పుడు ఇద్దరు పట్టుకోవాలి. నాన్న ఒకచోట దిగనని భీష్మించుకున్నాడు, పడవతనే దిగి భుజం ఇచ్చాడు.

గాలి సంగతి కూడా తెలియాలి. దక్షిణాన సముద్ర తీరం నుంచి వెచ్చగాలి ఎక్కి వచ్చి పైన చల్లగాలితో కలిసి మధ్యాహ్నం వేళ సరస్సు మీద విసురుగా కొడుతుంది. దాన్ని షొకొమీల్ అంటారు. పొద్దున అద్దంలా ఉన్న నీళ్లే మధ్యాహ్నం రెండింటికి గతుకుల రోడ్డవుతాయి. పడవ ముందు భాగంలో కూర్చుంటే నడుము విరుగుతుంది, వెనక కూర్చుంటే నీళ్లు చిందుతాయి. తడిసినా ఫరవాలేదు, వెనకే కూర్చోండి. బగ్గీలో నడుము నొప్పి వస్తుందని పడవ ఎంచుకుని, మూడు గంటలకి తిరుగు పడవ ఎక్కినవాళ్లు నన్ను తిట్టుకోవద్దు. పొద్దున ఏడింటికి బయల్దేరండి, ఒంటిగంట లోపు తిరుగు పడవ పట్టండి, లేదా ఆ రాత్రికి అటు ఒడ్డునే ఉండిపోండి.

ఒడ్డు దిగాక కొండెక్కే వీధులు. అక్కడ నాన్న ముఖం వెలిగిపోయింది. ఎదురుగా ఎర్ర ఆటోలు, వాటి మీద బజాజ్ అని. నిజంగా మన బజాజ్ ఆటోలే, ఆ దేశమంతా అవే తిరుగుతున్నాయి, వాళ్లు టుక్‌టుక్ అంటారు. ఊళ్లో చిన్న దూరాలకి ఐదు, పది క్వెట్జల్స్. నాన్న డ్రైవర్ పక్కన సగం సీటులో కూర్చుంటానని పట్టుబట్టి అలాగే వెళ్లాడు. ఊరికీ ఊరికీ మధ్య వెనక కడ్డీలు పట్టుకుని నిలబడే పికప్ బండ్లు కూడా ఉంటాయి. మీ వయసు, మీ నడుము బట్టి చూసుకోండి. గాలికి జుట్టు ఎగురుతూ అగ్నిపర్వతాన్ని చూడటానికి బగ్గీ అద్దె కంటే ఇదే చవక.

సాన్ హువాన్‌లో మగ్గం ముందు

నేత కోసమే వెళ్తే సాన్ పెద్రో పక్కనున్న సాన్ హువాన్ లా లగూనా ఒక్కటి చాలు. రేవు నుంచి పైకెక్కే వీధికి రెండువైపులా గోడల మీద బొమ్మలు, దుకాణాలు. కాస్త ఆడంబరంగానే ఉంటుంది, దాన్ని చూసి వెనక్కి తిరగకండి. ఇక్కడ ఆడవాళ్లు సంఘాలుగా ఏర్పడి నేస్తారు, ఎక్కువగా సహజ రంగులే వాడతారు. ఊరి గైడ్‌ని అక్కడే రేవు దగ్గర మాట్లాడుకోవచ్చు. ఇక్కడి భాష త్సుతుహీల్. పానా వైపు మాట్లాడేది కాక్చికెల్. పానా నుంచి వచ్చిన గైడ్ ఈ ఊరి నేతవాళ్లతో స్పానిష్‌లోనే మాట్లాడాల్సి వస్తుంది. మనకి మాటలు రెండుసార్లు చేతులు మారి అందుతాయి. ఊరి గైడ్ అయితే తన పిన్ని ఇంటికే తీసుకెళ్తాడు.

మగ్గం చూసి అమ్మ మొదట నవ్వింది. గుంట లేదు, చట్రం లేదు, అచ్చులు లేవు. పడుగు ఒక కొస స్తంభానికి కట్టి ఉంటుంది, రెండో కొస నేసే మనిషి నడుము వెనక పట్టీకి. ఆవిడ వెనక్కి వాలితే పడుగు బిగుస్తుంది, ముందుకి వంగితే వదులవుతుంది. ఒళ్లే మగ్గంలో సగం. అందుకే దాని మీద గుడ్డ వెడల్పుకి హద్దుంది, చేతులు చాచినంతే. వీపీల్ పెద్దదిగా కావాలంటే రెండు మూడు పట్టీలు నేసి కలిపి కుడతారు. కాళ్లతో తొక్కే పెద్ద మగ్గాలు స్పానిష్ వాళ్లు తెచ్చినవి, వాటి మీద ఎక్కువగా మగవాళ్లు పావడా బట్టలు నేస్తారు. నడుము మగ్గం ఆడవాళ్లది.

పోగులు పోసే పలక దగ్గరికి రాగానే అమ్మ నవ్వు ఆగింది. మేకుల చుట్టూ పోగుని అటూ ఇటూ తిప్పుతోంది ఒక అమ్మాయి. “ఇది మన ఆసే కదరా,” అంది అమ్మ. ఇంట్లో వాళ్ల అమ్మ ఒక్కో చీరకి వేలసార్లు ఆసు పోసి భుజం పట్టేసుకుని పడుకునేదట. తన తల్లి పడే అలాంటి నొప్పే చూడలేక చింతకింది మల్లేశం ఆసు పోసే యంత్రం చేశారు, 2017లో పద్మశ్రీ వచ్చింది. ఈ కథంతా గైడ్ ద్వారా ఆ అమ్మాయికి చెప్పించింది అమ్మ. ఆ పిల్ల తన భుజం తడుముకుని ఏదో అంది. గైడ్ దాన్ని తర్జుమా చెయ్యలేదు, అమ్మకి అర్థమైనట్టే ఉంది.

ఇంకో గదిలో చిటికి. మన దగ్గర పోచంపల్లి, పుట్టపాకల్లో పోగుల్ని కట్టలుగా బిగించి కట్టి, కట్టిన మేర రంగు అంటకుండా ముంచి, విప్పి మళ్లీ కట్టి ముంచుతారు కదా, అదే పద్ధతి. వాళ్లు హాస్పె అంటారు. వేల మైళ్ల దూరంలో అదే ముడి. రంగుల్లోనూ చుట్టాలే. నీలానికి నీలిమందు మొక్క, ఎరుపుకి నాగజెముడు మీద బతికే కోచినీల్ పురుగు. ఆ పురుగుని అరచేతిలో నలిపి, నిమ్మరసం పిండి, రంగు మారడం చూపించారు. మా వాడు అక్కడ అరగంట కదల్లేదు. రంగు వెయ్యకుండానే లేత గోధుమ రంగులో పండే పత్తి కూడా ఉంది, దాన్ని ఇష్కాకో అంటారు. ఏ తిథిన కోసిన మొక్క రంగు ముదురుగా వస్తుందో కూడా వాళ్లకి లెక్కలున్నాయి. అమ్మ తల ఊపింది.

మొత్తం రెండున్నర గంటలు. ఏ బగ్గీ టూర్‌లోనూ ఇది రాదు. సాన్ హువాన్‌లో ఇంకా కాఫీ సంఘం, కుట్టని తేనెటీగలు పెంచేవాళ్లు, మందు మొక్కల తోట ఉన్నాయి. ఒక్కరోజులో అన్నీ వద్దు, మగ్గం తర్వాత ఒక్కటి చూడండి.

సాంతియాగో అతిత్లాన్ గురించి రెండు మాటలే. పెద్ద ఊరు. ఇక్కడి వీపీల్ మీద పక్షుల కుట్టుపని చూడ్డానికి వెళ్లాలి. ఆడవాళ్లు తల చుట్టూ పొడవాటి ఎర్ర పట్టీని పళ్లెంలా చుట్టుకునే పద్ధతి ఇక్కడిది, దాన్ని తొకొయాల్ అంటారు. గ్వాటెమాలా 25 సెంతావోల నాణెం మీద ఉన్న బొమ్మ ఈ ఊరి ఆవిడదే, కొన్సెప్సియోన్ రమీరెస్. 2021లో చనిపోయారు. మాషిమోన్ అనే దేవుడి విగ్రహం ఏడాదికి ఒక ఇంట్లో ఉంటుంది. చుట్ట, సారాయి నైవేద్యం. మన పోతరాజుని తెలిసినవాళ్లకి వింతేమీ అనిపించదు. ఫొటోకి వేరే డబ్బు అడుగుతారు, ఇవ్వండి, లేదా తీయకండి.

సాంతియాగో నుంచి సాన్ పెద్రో దాకా అగ్నిపర్వతం వెనకగా రోడ్డుంది, బండ్లవాళ్లకి చూడగానే నోరూరుతుంది. ఆ దారిలో దోపిడీలు జరిగిన చరిత్ర ఉంది. ఎవరు ఏం చెప్పినా సొంతంగా బండి వేసుకుని అటు వెళ్లకండి, పడవలో దాటండి. అలాగే మే నుంచి అక్టోబరు దాకా వానాకాలం. 2005 అక్టోబరులో స్టాన్ తుఫాను వానలకి సాంతియాగో పక్కన పనబాహ్ అనే పల్లె మీద కొండ బురద విరుచుకుపడి వందల మంది పోయారు. ఆ నెలల్లో మట్టి బాటల్లో బగ్గీ నాకు అనవసరమైన టెన్షన్ అనిపిస్తుంది. నవంబరు, డిసెంబరు అన్నిటికీ మంచివి. రాత్రి చలి వేస్తుంది, స్వెట్టర్ పెట్టుకోండి.

కొనేటప్పుడు

చేత్తో నేసినదా, మిల్లుదా తేల్చడానికి అమ్మ పద్ధతి ఇది. ముందు తిరగేసి చూడాలి. చిటికి గుడ్డ రెండువైపులా ఒకేలా ఉంటుంది, అచ్చు వేసినదైతే వెనక వెలిసినట్టుంటుంది. డిజైన్ అంచులు కాస్త అలుక్కున్నట్టు ఉండాలి, కత్తితో కోసినట్టుంటే అనుమానించాలి. నడుము మగ్గం గుడ్డకి నాలుగువైపులా అంచు నేసి ఉండొచ్చు, కత్తెర పడదు. పెద్ద దుప్పటి ఒకే పన్నాలో ఉండి, నడుము మగ్గం మీద నేశామని చెబితే అది అబద్ధం.

బేరం సంగతికొస్తే, పానా వీధి అంగళ్లలో బేరమాడండి, అక్కడ అది మామూలే. సాన్ హువాన్ సంఘాల్లో మాత్రం వద్దు. గుడ్డకి నేసినావిడ పేరు రాసిన చీటీ ఉంటుంది, ధరలో ఎక్కువ భాగం ఆవిడకే. ఒక్కో వీపీల్‌కి వారాలు, నెలలు పడుతుంది. బేరం లేకుండా అమ్మ ఏదైనా కొనడం నేను చూసింది అక్కడే. కొని, “మాల్త్యోష్” అని కూడా అంది. గైడ్ నేర్పిన ముక్క, థాంక్స్ అని.

శాకాహారులకి తిండి ఇబ్బంది లేదు. మొక్కజొన్న రొట్టె చేత్తో తట్టి కాల్చి పెడతారు, మన జొన్నరొట్టె చప్పుడే. నల్ల చిక్కుడు గింజల పప్పు, అవకాడో, వేయించిన అరటి. పప్పులో పంది కొవ్వు వేస్తారేమో అడగండి, “సిన్ మంతేకా” అంటే కొవ్వు లేకుండా. కారం కోసం కొబనేరో ఎండుమిరప పొడి అడగండి.

ఎవరు ఏది

ఇద్దరు ముగ్గురు కుర్రాళ్లు, బండి పిచ్చి, నేత మీద పెద్ద ఆసక్తి లేదు. వాళ్లు బగ్గీ తీసుకుని తూర్పు ఒడ్డు, పైన గొదీనెస్ బాటలు తిరగాలి. పొద్దున ఏడింటికి మొదటి గుంపులో వెళ్తే దుమ్ము తక్కువ, రోడ్డు మీద పికప్‌లూ తక్కువ. పడవంటే భయం, ఎక్కగానే కడుపులో తిప్పేవాళ్లకి కూడా ఇదే దారి. నడుపుతున్నది తెలిసిన మనిషైతే చాలు. మీకే అలవాటు లేకపోతే గైడ్ తోలే సీటు అడగండి.

పెద్దవాళ్లు, పిల్లలు ఉంటే ప్రైవేట్ లాంచా, సాన్ హువాన్, ఊరి గైడ్. మోకాళ్లు బాగా నొప్పిగా ఉన్నవాళ్లకి మాత్రం పడవా వద్దు, బగ్గీ వద్దు, పానా నుంచి మామూలు కారు మాట్లాడుకుని సాంతా కాతరీనా, సాన్ ఆంతోనియో చూసి రండి, అక్కడా మగ్గాలున్నాయి. ఇద్దరే దంపతులు, బడ్జెట్ ప్రయాణమైతే పబ్లిక్ లాంచా, ఆటో. ఒక రాత్రి సాన్ హువాన్‌లోనో సాన్ పెద్రోలోనో ఉంటే తెల్లవారుజామున రేవులో మీరొక్కరే ఉంటారు.

రెండు రోజులు చేతిలో ఉన్నవాళ్లు మొదటి రోజు సాన్ హువాన్ పెట్టుకోండి, రెండో రోజు పొద్దున బగ్గీ. ఈ వరస తిప్పకండి. మగ్గం చూసిన కళ్లతో సాంతా కాతరీనా గోడలు చూస్తే ఆ గీతలు ఎక్కణ్ణుంచి వచ్చాయో తెలుస్తుంది. పైగా దుమ్ము కొట్టుకుపోయిన బట్టలతో ఇంకొకరి ఇంట్లో మగ్గం పక్కన కూర్చోవాల్సిన పని ఉండదు. సోలొలా సంత మంగళ, శుక్రవారాలు, చిచికాస్తెనాంగో సంత గురు, ఆదివారాలు. మీ రోజులు వాటికి కలిసేలా చూసుకోండి.

బుక్ చేసే ముందు టూర్ వాళ్లకి ఒక మెసేజ్ పెట్టండి: మొత్తం టైంలో బండి దిగి నేల మీద ఉండేది ఎంతసేపు, నేత చూపించేది ఎవరి ఇంట్లో, గైడ్ ఏ ఊరివాడు. జవాబులో ఇంజను సీసీలు, ఫొటో స్పాట్లు మాత్రమే ఉంటే అది బండి టూర్. సరదాగా వెళ్లి రండి, అమ్మని మాత్రం ఆ రోజు హోటల్లో ఉంచకండి, పడవలో సాన్ హువాన్ పంపించండి.